తెల్లవి కోదాడకు

జూలై 2

ముసురు వదలట్లేదు. రేకుల మీద ఒకటే చప్పుడు. ఎలుకలు పెంచే షెడ్డులో ఊక ఎంత మార్చినా చెమ్మే. ఎలుకల కంపు అని పక్కింటావిడ మళ్లీ కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకుంది. పెట్టుకోనీ. వాళ్ల కుక్క మా గేటు దగ్గర చేసే నిర్వాకం గురించి నేనెప్పుడైనా నోరెత్తానా!

కోదాడ నుంచి ఫార్మసీ కాలేజీ మేడం ఫోన్. "ఈసారి తెల్ల ఎలుకలన్నీ ఒకే వయసువి కావాలండీ. చిన్నా పెద్దా కలిపి పంపొద్దు." కోదాడ వాళ్లంతే. తిట్టినా చివర "అండీ" తగిలిస్తారు. సరేనండీ అన్నాను.

జూలై 3

తెల్లారేసరికి అత్తమ్మ షెడ్డులో ఉంది. పిల్లల్ని పెట్టిన ఎలుకను ఆమె ఎలుక అనదు, బాలింత అంటుంది. "సప్పుడు చెయ్యకు పిల్లా, బాలింత ఇప్పుడే కన్నంటుకున్నది" అని నాకే గద్దింపు. నా షెడ్డులో నేను దొంగలా నడవాలి. బాలింతలకు నానబెట్టిన శనగలు, పైగా చిటికెడు బెల్లం. బెల్లం వద్దే వద్దని ఎన్నిసార్లు చెప్పాను! జువాలజీ చదివింది నేను. వినేవాళ్లెవరు?

అయినా ఆమె లేనిదే ఈ షెడ్డు నడవదు. ఎండాకాలం అంతా తడి గోనెసంచులు కప్పి వాటిని బతికించింది ఆమే. అది ఆమె ముందు అనను. నెత్తికెక్కుతుంది.

జూలై 4

మిర్యాలగూడ. రంగు ఎలుక పిల్లల్ని పెంపుడు జంతువుల దుకాణంలో ఇచ్చి వచ్చాను. నేనుండగానే ఒక పాప వచ్చింది. గోధుమరంగు దాన్ని అరచేతిలో పెట్టుకుంది, అక్కడికక్కడే "జిలేబి" అని పేరు పెట్టేసింది. వాళ్ల నాన్న "ఎలుకను పైసలిచ్చి కొనుడా, మనింట్ల ఉత్తగనే తిరుగుతయి గదే!" అంటున్నాడు. ఇక కొనక తప్పదని అతనికీ తెలుసు.

రంగువి మిర్యాలగూడకు, తెల్లవి కోదాడకు. ఒకదానికి పేరు, ఒకదానికి సూది. పుట్టిన రంగును బట్టి...

ఆపు, సుజాతా. మిల్లు దగ్గర ఊక బస్తా దొరికింది, అది రాసుకో.

జూలై 6

అయిదు తెల్లవి ఒక్కరోజే ఈనాయి! కాలేజీకి ఇక ఏ బాధా లేదు. దేవుడా, ఆ వానొక్కటి ఆపు.

జూలై 7

అత్తమ్మకు మళ్లీ పాఠం చెప్పాను. ఈ వారం పంజరాల మూతలు తీయొద్దు, పిల్లల్ని ముట్టొద్దు, కొత్త వాసన ఏదీ తగలనీయొద్దు. తల్లి బెదిరితే పిల్లల్ని తినేస్తుంది.

"తల్లి తినుడేంది, నీ మొఖం! అవేమన్న పాములా?"

నిజం అత్తమ్మా అంటే చేయి ఊపేసి పోయింది.

జూలై 8

ఎలా రాయాలి.

కూరగాయలకని బజారుకు పోయాను. సూర్యాపేటలో వాన పడితే ఆటోలు దొరకవు, ఆలస్యమైంది. వచ్చేసరికి షెడ్డు తలుపు మూసి ఉంది. కింది సందులోంచి పొగ. కాలిపోతోందనుకుని సంచీ అక్కడే పడేసి ఉరికాను. లోపల సాంబ్రాణి. నిప్పుల మూకుడు పట్టుకుని అత్తమ్మ ఒక్కో పంజరం ముందు ఆగుతోంది. ముఖంలో ఎంత సంతోషమో!

"ముసురుకు పిల్లలు సల్లవడ్డరు పిల్లా. అందుకే ఊదు పొగ ఏసిన. నీ మొగనికి గిట్లనే ఏసిన, నీ ఆడబిడ్డకు గిట్లనే ఏసిన. ఏమైంది వాళ్లకు? గుండ్రాయి లెక్క ఉన్నరు."

తలుపులు బార్లా తెరిచాను. పొగ పోయాక చూస్తే మొదటి పంజరంలో... రాయను. రెండోదాంట్లోనూ అదే. అయిదింటిలోనూ.

ఆమెకు ఇంకా అర్థం కాలేదు. కళ్లద్దాలు పెట్టుకుని వంగింది. "గిదేంది... గీ తల్లి ఏం జేస్తున్నది పిల్లా?"

అప్పుడు లేచింది నా నోరు.

"చెప్పిన గదా! చిలక్కు చెప్పినట్టు చెప్పిన! ఊదు ఎయ్యనీకె ఇవేమన్న నీ మనవలా, మనవరాండ్లా?"

మూకుడు కింద పెట్టింది. ఇంట్లోకి పోయింది.

పెళ్లయిన రెండో ఏడు నుంచి అందరూ అడిగారు. పెళ్లి బంతుల్లో, బస్సుల్లో, దవాఖాన వరండాల్లో. "ఇంకా ఏం లేదా?" అని. ఆమె ఒక్కతే అడగలేదు. ఒక్కసారి కూడా అడగలేదు. ఎవరో ముసలమ్మ నా ముందే అడిగితే, "నా కోడలు నా ఇంట్ల ఉన్నది, నాకు సాలు" అని తింటున్న విస్తరి ముందు నుంచి లేచొచ్చింది. అలాంటి మనిషిని ఆ మాట అన్నాను. నా నోరు పడిపోను.

ఆమె ఇంట్లో ఒక బాలింత లేదు, ఊదు వేయడానికి ఒక పసిగుడ్డు లేదు. అందుకని షెడ్డులో వేసుకుంది. అంతే కదా.

జూలై 9

పొద్దున వెళ్లిపోయింది. వేములపల్లికి, కూతురింటికి. వాకిట్లో ఆగి నా ముఖం చూడకుండా అంది: "నా చేతుల ఒక్క తడవ పోయినయి. నీ చేతుల వారం వారం పోతున్నయి, గా కోదాడకు. నేనెన్నడన్న అడిగిన్నా నిన్ను?"

దండెం మీది తడి బట్టలు సర్దుతూ నిలబడ్డాను. ఆపలేదు. ఎందుకు ఆపలేదో... మొండితనం. అత్త మొండిదంటారు గానీ, కోడలు ఏం తక్కువ తిన్నదని.

జూలై 11

మేడంకు చెప్పాను, పిల్లలు పోయాయని. "అయ్యో, ఎలాగండీ?" "వానకండీ." పోయిన నెలవి కొన్ని తెల్లవి ఎదిగి ఉన్నాయంటే, అవి పంపమంది.

అత్తమ్మ పేరు బయటకు రానీయలేదు. అదొక్కటన్నా చేశాను.

జూలై 12

ఈయన పరిస్థితి అడకత్తెరలో పోకచెక్క. ట్రాలీ ఆటో కిరాయికి పోకుండా పొద్దంతా గడపలో కూర్చున్నాడు.

"ఫోన్ చెయ్యరాదూ, అమ్మకు."

"నీ అమ్మ. నువ్వే చెయ్యి."

"తిట్టింది నువ్వాయె, నేను చేస్తే ఏం ఫాయిదా?"

చివరికి ఆయనే చేశాడు. మందు గోలీలు పంపమందట. నా సంగతి అడగలేదు. "నీళ్ల సీసాలు కారుతున్నయా, బిగిచ్చిండ్రా?" అని మాత్రం అడిగిందట. పోయి చూస్తే రెండు కారుతున్నాయి. ఊకంతా తడి. వాటిని బిగిస్తూ ఏడ్చాను. ఎలుకలు చూశాయి, వేరే ఎవరూ చూడలేదు.

జూలై 15

ఆడబిడ్డ ఫోన్.

"వదినా, అమ్మ సరిగ తింటలేదు. పొద్దంతా నారుమడి గట్టు మీద కూసుంటది. ఏమైందే అంటే ఏం కాలే అంటది. నువ్వన్న చెప్పు, ఏమైంది?"

చెప్పలేదంటే... నేనన్న మాట సొంత కూతురికి కూడా చెప్పలేదు. వేములపల్లిలో గట్టు మీద కూర్చుని నా పరువు కాపాడుతోంది. ఇంతకంటే నన్ను నాలుగు తిట్టినా బాగుండేది.

జూలై 16

కోదాడ డబ్బా ముందు పెట్టుకుని కూర్చున్నాను. తెల్లవాటిని ఏరి అందులో వేయాలి. ఎన్నిసార్లు చేసిన పని! చేయి పోవట్లేదు. ఒకటి నా వేలు వాసన చూసి, మీద ఎక్కి, ముఖం కడుక్కుంటోంది. వెధవది, దానికేం తెలుసు.

మేడంకు మెసేజ్ పెట్టాను. శుక్రవారం ఇస్తామని.

జూలై 17

వేములపల్లి పోయాను.

అరుగు మీద కూర్చుని చింతపండులో గింజలు తీస్తోంది. సగం అయింది ఆ మనిషి. పక్కన కూర్చుని నేనూ నాలుగు గింజలు తీశాను. ఆడబిడ్డ తెలివిగల పిల్ల, చాయ్ పెడతానని లోపలికి పోయింది.

"తప్పయింది అత్తమ్మా."

"నీ మాటకు రాలే నేను గీడికి."

"మరి?"

ఇంకో గింజ తీసి పక్కన పడేసింది. "ఆ తల్లి తినుడు నా కండ్లల్లకెళ్లి పోతలేదు బిడ్డా. అది పాపిష్టిది కాదు. ఎంత బెదిరితే గా పని జేసిందో! నేనే గదా బెదిరిచ్చిన... మంచి జేస్తున్న అనుకుంట."

కొంగు నోట్లో కుక్కుకుంది. ఆమె చేయి పట్టుకున్నాను. ఇద్దరి చేతులూ చింతపండు జిగట.

తనే అంది: "మనవలా అన్నవు. కాదా మరి? పొద్దుగాల లేస్తే నేను ఎవ్వరికి సాకిరి జేస్తున్న?"

ఏడ్చాను. ఆమె ఏడవలేదు, నన్ను ఏడవనిచ్చింది.

తర్వాత అడిగింది. "కోదాడల వాటినేం జేస్తరు?"

"మందులు పరీక్ష చేస్తరు."

"గది నాకెరుకే. ఏం జేస్తరంటున్న. నువ్వు సూసినవా?"

"లేదు. గేటు కాడ ఇచ్చి వచ్చుడే."

"ఇన్నేండ్ల సంది? ఒక్కనాడు సూడలే?"

"లేదు."

"భయమా?"

"భయమే."

మొదటిసారి నా ముఖంలోకి చూసింది. "అయితే నాకు సూపియ్యి. నువ్వు గూడ సూడు. సూసినంక చెప్త, నీ ఇంట్ల ఉంటనో, మల్ల గీడికే వస్తనో."

మెత్తగానే అంది. కానీ ఆమె అన్నదంటే అన్నదే.

జూలై 18

మేడం ఒప్పుకుంది. "లోపలిదాకా రానివ్వమండీ మామూలుగా. పెద్దావిడ అంటున్నారు కాబట్టి..."

చూశాక నేను మాత్రం మళ్లీ డబ్బా నింపగలనా? కోదాడ వద్దనుకుంటే ఉత్త మిర్యాలగూడతో షెడ్డు నడవదు. ఆ సంగతి అత్తమ్మకూ తెలుసు. తెలిసే అడిగింది.

జూలై 19

పొద్దున ఈయన ట్రాలీ తీశాడు. వేములపల్లి పోయి ఆమెను ఎక్కించుకుని అటు నుంచి అటే కోదాడ. ముందు సీట్లో ముగ్గురం ఇరుక్కుని కూర్చున్నాం. డబ్బా ఆమె ఒళ్లో. గతుకు వచ్చినప్పుడల్లా రెండు చేతులూ అడ్డం పెడుతోంది. ఈయన ఎంత మెల్లగా నడిపాడంటే సైకిళ్లు దాటిపోయాయి.

చెప్పులు మార్చి, ముక్కుకు గుడ్డ కట్టి లోపలికి పంపారు. తెల్లటి గది. వరసగా పంజరాలు. చల్లగా ఉంది. ఈయన గుసగుసగా "ఏసీ ఉన్నదే, మనింట్లనే లేదు" అన్నాడు. ఎవరూ నవ్వలేదు.

అక్కడ ఒక అమ్మాయి, చిలుకూరు వైపు పిల్లట, ఆ కాలేజీలోనే చదువుకుంటోంది. చేతికి తొడుగు వేసుకుని ఒకదాన్ని పట్టుకుంది, సూది ఎక్కడ వేస్తారో మాకు చూపించింది. సూది మాత్రం వేయలేదు. ఆ పిల్ల ముఖం పాలిపోయి ఉంది, మేమేమంటామోనని.

అత్తమ్మ మేడంను అడిగింది. "నొప్పి తెలుస్తదా బిడ్డా?"

"తెలియకుండానే చూస్తామమ్మా."

అత్తమ్మ అలాగే చూస్తూ నిలబడింది. మేడం మాట మార్చుకుంది: "ఒక్కోసారి తెలుస్తుందమ్మా."

"మరి ఆఖరుకు?"

మేడం ఆమెను కాదు, నన్ను చూసింది. "ఆఖరికి ఉండవమ్మా. మనుషులకు మందు ఇచ్చే ముందు ఎక్కడో ఒకచోట చూడాలి కదా."

అత్తమ్మ తల ఊపింది. సరేననా, విన్నాననా? అదే నాకు తెలియట్లేదు.

డబ్బా మూత తనే తీసింది. ఒక్కోదాన్ని రెండు చేతులతో ఎత్తి పంజరంలోకి దించింది, పసిపిల్లను ఉయ్యాలలో వేసినట్టు. ఆఖరిదాన్ని కాసేపు అరచేతిలో ఉంచుకుంది. ఆ చిలుకూరు పిల్ల పక్కకు తిరిగి కళ్లు తుడుచుకుంది. నేను మాత్రం చూశాను. ఒక్కటీ వదలకుండా చూశాను.

వాపసు బయల్దేరాం. ఈయన మునగాల దగ్గర చాయ్ తాగుదామా అన్నాడు. అత్తమ్మ వద్దని చేయి ఊపింది. సూర్యాపేటలో మా సందు మలుపు దగ్గర మాత్రం "ఆ మేడం అబద్ధమాడలే" అంది. నాతోనో, తనలో తనో.

దిగింది. కాళ్లు కడుక్కుంది. ఇంట్లోకి రాకుండా నేరుగా షెడ్డులోకి పోయింది. తలుపు దగ్గరగా వేసుకుంది. పోయి అడగాలని ఉంది, ఉంటున్నావా అత్తమ్మా అని. అడగను. ఈ ఒక్కసారి నోరు మూసుకుంటాను. లోపల నీళ్ల సీసాల చప్పుడు.

దీపాలు పెట్టే వేళయింది. ఈయన వంటింటి గుమ్మంలోకి వచ్చి మెల్లగా అడిగాడు, "బియ్యం ఎంతమందికి పోస్తవు?"

ముగ్గురికి కడిగి పెట్టాను. కుక్కర్ ఇంకా పొయ్యి మీద పెట్టలేదు. గిన్నె పక్కన కూర్చుని ఇది రాస్తున్నాను. షెడ్డు తలుపు ఇంకా తెరుచుకోలేదు.