నీలి దారం

పిన్నికి,

మీ డాక్యుమెంటరీ అంగీకార పత్రంపై అమ్మ సంతకం చేసింది. నేను చేయలేదు. కారణం తెలపడం నా బాధ్యత.

"నేనేమీ చేయించను, ఉన్నది ఉన్నట్టు చూస్తానంతే" అన్నది మీ పద్ధతి. మా కుట్టుగదిలో నెల రోజులు అలాగే కూర్చున్నారు. కానీ మీరు చూపించిన సినిమాలో, చనిపోయిన నాన్న చొక్కాను నాకు సరిపడేలా తగ్గించడానికి అమ్మ పక్క కుట్లు విప్పుతూ ఏడ్చే దృశ్యంలో, ఊడివస్తున్నది నీలి దారం. నాన్న చొక్కాలన్నీ అమ్మ తెల్లదారంతోనే కుట్టేది. అంటే ఒకసారి విప్పినదాన్ని మళ్ళీ కుట్టించి, మళ్ళీ విప్పించారన్నమాట. దీన్ని పరిశీలన అనాలా, నటన అనాలా?

అమ్మను నిలదీశాను.

"మొదటిసారి నాకు ఏడుపు ఆగలేదే. మీ పిన్ని కెమెరా బల్ల మీద పెట్టేసి నన్ను పట్టుకుంది. పాపం, దాని సినిమా పాడవుతుందని మళ్ళీ కుడతానన్నది నేనే. నీ లాయరు వేషాలు ఇక కట్టిపెట్టు" అంది.

ఇది నిజమో, చెల్లెలి కోసం కుట్టిన మాటో తేల్చుకోలేకపోతున్నాను. అందుకే ఒక్కటే ప్రశ్న. బల్ల మీద పెట్టిన ఆ కెమెరాను మీరు ఆపారా, లేక అది నడుస్తూనే ఉందా? ఆపి ఉంటే, ఆ క్షణంలో అమ్మను పట్టుకున్నది దర్శకురాలు కాదు, చెల్లెలే; నీలి దారంతో సహా ఆ దృశ్యాన్ని ఉంచండి. సంతకం చేస్తాను.

మీ అక్క కూతురు