అయుత్తయలో నలభై నిమిషాలు

జనవరి 19, 2025. ఆదివారం. ఘుబ్రా, మస్కట్.

ఈ రోజు ఖల్ఫాన్ నన్ను హాల్లోకి పిలిచి సోఫా మీద కూర్చోమన్నాడు. పంతొమ్మిదేళ్ళలో నన్ను అక్కడ కూర్చోమనడం ఇదే మొదటిసారి. ఏదో చెడ్డ కబురని అప్పుడే తెలిసిపోయింది.

రంజాన్ అయ్యాక నా వీసా క్యాన్సిల్ చేస్తారట. బాబా ఇప్పుడు ఎక్కడికీ వెళ్ళడం లేదు. మిగతావాళ్ళు ఎవరి కార్లు వాళ్ళే నడుపుకుంటున్నారు. డ్రైవర్‌తో పనేముంది? బాబాను చూసుకోవడానికి ఏజెన్సీ నుంచి మగ నర్సు వస్తాడట. తప్పుగా అనుకోవద్దు ఖాదర్ అన్నాడు. తల వంచుకునే అన్నాడు. నేనొచ్చినప్పుడు వాడికి పదిహేనేళ్ళు. రోజూ స్కూలుకు దింపింది నేనే.

బాబా అంటే వాడి తండ్రి, నన్ను పనిలో పెట్టుకున్న నాసర్. డెబ్బై నాలుగేళ్ళు. రెండేళ్ళ నుంచి మతిమరుపు. కొడుకు పేరు ఒక్కోసారి గుర్తుండదు. నా పేరు ఎప్పుడూ గుర్తుండదు, గొంతు మాత్రం గుర్తు పడతాడు.

ఊళ్ళో ఉన్న మా ఆవిడ జమీలాకు ఫోన్ చేసి చెప్పాను.  "నిజంగానా? మాట మార్చరు కదా వాళ్ళు?" అంది. సంతోషం దాచుకోవడానికి చాలా కష్టపడింది. నాకూ సంతోషంగానే ఉండాలి.

జనవరి 27.

బాబాను బ్యాంకాక్ హాస్పిటల్లో చూపిస్తారట. నేనూ వెళ్ళాలి. నేను లేకపోతే ఆయన బాత్రూమ్‌లోకి కూడా అడుగు పెట్టడు, విమానం ఎలా ఎక్కుతాడు.

ఫిబ్రవరి 4. బ్యాంకాక్.

రెండు రోజులుగా స్కానింగులు, రక్తపరీక్షలు. హోటల్ రూమ్‌లో బాబా తలుపు బాదుతున్నాడు. ఇంటికి తీసుకెళ్ళమంటాడు. ఖల్ఫాన్ ఓపిగ్గానే చెప్తాడు, ఇది బ్యాంకాక్ బాబా, మన ఇల్లు మస్కట్‌లో ఉంది, మూడు రోజుల్లో వెళ్తాం అని. బాబా ఇంకా గట్టిగా బాదుతాడు.

రేపు రిపోర్టులొస్తాయి. పెద్ద డాక్టర్‌తో ఖల్ఫాన్ ఒక్కడే మాట్లాడతాడట. ఆ పూట బాబాను రూమ్‌లో ఉంచలేమని ప్రైవేట్ టూర్ బుక్ చేశాడు. అయుత్తయ అని పాత రాజధాని, గంటన్నర దారి. వ్యాన్, గైడ్, మేమిద్దరం. మధ్యాహ్నానికల్లా వెనక్కి. చెయ్యి వదలకు ఖాదర్ అని రెండుసార్లు చెప్పాడు.

ఫిబ్రవరి 5. ఉదయం 6:30.

బాబాకు పాదాల దాకా ఉండే తెల్ల దిష్దాషా వేసి, టోపీ పెట్టి, అత్తరు రాశాను. అద్దంలో చూసుకుని ఎవరి పెళ్ళి అని అడిగాడు. పాత ఊరు చూడ్డానికి పోతున్నాం అన్నాను. సరే అన్నాడు.

ఫిబ్రవరి 5. సాయంత్రం 6.

 జరిగింది జరిగినట్టు రాసుకోవాలి.

గైడ్ పేరు ప్లోయ్. పాతికేళ్ళుంటాయి. మెడలో బ్యాడ్జి, చేతిలో గొడుగు. ఇంగ్లీషు నెమ్మదిగా, విడమరిచి మాట్లాడుతుంది. ఆమె చెప్పింది నేను బాబాకు మా భాషలో చెప్పాలి. మా భాషంటే సగం అరబిక్, సగం హిందీ. వ్యాన్‌లో వెనక సీట్లో కూర్చుంటే నా కుడికాలు దారి పొడుగునా బ్రేక్ కోసం వెతుక్కుంటూనే ఉంది.

ఊరి చుట్టూ మూడు నదులు. మధ్యలో దీవిలా ఊరు. అయోధ్య పేరే దీనికి పెట్టారని ప్లోయ్ చెప్పింది. నాలుగు వందల ఏళ్ళ పైన రాజధానిగా ఉందట. బర్మా సైన్యం వచ్చి తగలబెట్టింది. ఆ తర్వాత రాజధాని కిందికి, బ్యాంకాక్ వైపుకు వెళ్ళిపోయింది. ఎక్కడ చూసినా ఎర్ర ఇటుక. పైకప్పు లేని గోడలు, ఒరిగిన గోపురాలు.

ఇక్కడెవరుంటారు అని అడిగాడు బాబా. ఎవరూ లేరు బాబా, కాలిపోయిందట అని చెప్పాను.

"మా ఇల్లూ కాలింది," అన్నాడు.

పంతొమ్మిదేళ్ళలో ఆ మాట ఎప్పుడూ వినలేదు. లేదు బాబా, ఇల్లు బాగానే ఉంది, ఘుబ్రాలో ఉంది అన్నాను. ఆయన ముఖం పక్కకు తిప్పుకున్నాడు. నేనూ ఖల్ఫాన్ లాగే మాట్లాడానని అప్పుడు తోచలేదు.

మహాథాట్ అనే గుడికి వెళ్ళాం. అక్కడ వరసగా బుద్ధ విగ్రహాలు. ఒక్కదానికీ తల లేదు. వీళ్ళకేమైంది అని బాబా అడిగాడు. సైనికులు కొన్ని, దొంగలు కొన్ని నరికారని ప్లోయ్ చెప్పింది. బాబా గొంతు తగ్గించి, పద, ఇక్కడ ఉండొద్దు, పడవ వెళ్ళిపోతుంది అన్నాడు. పడవ లేదు బాబా, మనం వ్యాన్‌లో వచ్చాం అన్నాను. పడవ వెళ్ళిపోతుందని మళ్ళీ అన్నాడు. మళ్ళీ లేదన్నాను.

ఒకచోట చెట్టు వేళ్ళ మధ్య బుద్ధుడి తల ఒక్కటే ఉంది. వేళ్ళు దాన్ని చుట్టుకుని పట్టుకున్నాయి. ఫొటో తీసేవాళ్ళు కింద కూర్చుని తియ్యాలి, ఆ తల కన్నా మన తల ఎత్తులో ఉండకూడదట. జమీలాకు పంపుదామనిపించింది. బాబాను నీడలో బెంచీ మీద కూర్చోబెట్టి చెయ్యి వదిలాను. నా ముందు ఇద్దరు. నా వంతొచ్చింది. గొంతుక్కూర్చున్నాను. ఒకటి సరిగ్గా రాలేదు. ఇంకొకటి తీశాను. మోకాళ్ళు పట్టుకుని లేచి చూస్తే బెంచీ ఖాళీ.

ప్లోయ్ ఒకవైపు పరుగెత్తింది, నేను ఒకవైపు. టికెట్ గేటు దగ్గర ఎవరూ చూడలేదన్నారు. తెల్ల దిష్దాషా దూరం నుంచే కనపడుతుందనుకున్నాను. ఎక్కడా లేదు. ప్రతి గోడ వెనకా చూశాను. అరబిక్‌లో పిలిచాను. హిందీలో పిలిచాను. కడకు, "యాడికి పోతివి సామీ!" అని నా భాషలోనే అరిచాను. టూరిస్టులు ఆగి చూశారు. ఖల్ఫాన్ ముఖం కళ్ళ ముందుకు వచ్చింది. మూడు నదులు గుర్తొచ్చాయి.

ప్లోయ్ రొప్పుతూ వచ్చి, చివరగా ఏమన్నారు సార్ అని అడిగింది. పడవ అన్నాడని చెప్పాను. అయితే నీళ్ళ కోసం వెళ్ళి ఉంటారంది. వెనక గేటు నుంచి రోడ్డు దాటి, నీళ్ళున్న వైపు పరుగెత్తాం.

రోడ్డు పక్కన ఒక బండి. తలకు ముసుగు వేసుకున్న ఆవిడ రొట్టెలు కాలుస్తోంది. యాభై దాటి ఉంటుంది. పల్చటి రొట్టెలో పంచదార పోగులు చుట్టి అమ్ముతారు. ఆకుపచ్చ, గులాబీ రంగు పోగులు. మాది నూర్‌బాషా ఇల్లు, మా నాయన విల్లు మీటి దూది ఏకితే అచ్చం అట్లే లేచేది. బండి పక్కన ప్లాస్టిక్ స్టూలు మీద బాబా కూర్చుని తింటున్నాడు. ఒక కాలికి చెప్పు లేదు. ఆ కాలిని ఆవిడ తడిగుడ్డతో తుడిచినట్టుంది, మడమ దాకా శుభ్రంగా ఉంది.

ఆయన ఏదో భాషలో చెప్తూనే ఉన్నాడు. నాకు తెలియని భాష. మధ్య మధ్య 'దాదా, దాదా' అంటున్నాడు. ఆవిడ తన థాయ్‌లో జవాబు చెప్తోంది. ఒకరి మాట ఒకరికి తెలీదు. ఇద్దరూ ఆగకుండా మాట్లాడుకుంటున్నారు.

 అక్కడే నేల మీద కూలబడ్డాను.

ఆవిడ ప్లోయ్‌తో చెప్పిందట: సలాం చెప్పి వచ్చి కూర్చున్నారు, ఏదో అడిగి ఏడ్చారు, ఆకలేమో అని రొట్టె పెట్టాను. మా నాన్నా నాలుగేళ్ళు ఇలాగే ఉండి పోయారు. ఇలాంటప్పుడు వాళ్ళు ఎక్కడుంటే మనమూ అక్కడికి వెళ్ళాలి.

బాబా నన్ను చూశాడు. గొంతు విన్నాడేమో, గుర్తు పట్టాడు. ఆవిడ చెయ్యి పట్టుకుని మా భాషలో చెప్పాడు.

"ఇది మా అక్క. రయ్యా. నన్ను పడవ ఎక్కించి, అమ్మను తీసుకొస్తానని వెనక్కి పోయింది. చూడు, ఇక్కడుంది."

కాదు బాబా అనే మాట నోటి దాకా వచ్చింది. మింగేశాను.

"సలామలేకుం అక్కా," అన్నాను ఆవిడతో, తెలుగులో. ఆవిడ తలూపి నాకూ ఒక రొట్టె చుట్టింది.

ఆ తర్వాత గుళ్ళేవీ చూడలేదు. అరగంట అక్కడే కూర్చున్నాం. బాబాను అంత నెమ్మదిగా చూసి రెండేళ్ళైంది. ఆయనను ఎలా లేపాలా అని నేను భయపడుతుంటే తనే లేచాడు. ఆవిడ పొట్లం కట్టి చేతికిచ్చింది. అక్క ఇంటికొచ్చి, కడుపునిండా తిని, ఇక బయల్దేరే తమ్ముడిలా తీసుకున్నాడు. వ్యాన్ ఎక్కి నిద్రపోయాడు.

ప్లోయ్ దారంతా ఏడ్చింది. ఆఫీసుకు తనే చెప్పేస్తానంది. నువ్వేం చెప్పొద్దమ్మా, చెయ్యి వదిలింది నేను అన్నాను. ఆయన కనపడకుండా పోయింది నలభై నిమిషాలు. ఫోన్ చూస్తే తెలిసింది. ఇంకా ఎక్కువనుకున్నాను.

ఫిబ్రవరి 6.

ఇది తగ్గేది కాదని పెద్ద డాక్టర్ చెప్పాడట. ఖల్ఫాన్ టూర్ ఎలా ఉందని అడిగాడు. బాగుందన్నాను. ఛీ.

ఫిబ్రవరి 7. విమానంలో.

ఎయిర్‌పోర్టులో చెప్పేశాను. అంతా చెప్పాను, ఫొటో సంగతితో సహా. ఖల్ఫాన్ ముఖం తెల్లబడింది. "నలభై నిమిషాలా? చుట్టూ నదులున్న ఊళ్ళోనా?" అన్నాడు. అక్క అనగానే ఆగమని చెయ్యి చూపించాడు. బాబాకు అక్కలెవరూ లేరట. బాబా పక్క సీటు నాదైతే అందులో వాడు కూర్చున్నాడు. నేను నాలుగు వరసల వెనక. ఇది విమానం బాబా, దిగడం కుదరదు, అని వాడు చెప్పడం ఇక్కడికి వినిపిస్తోంది. వాడికీ నిద్ర లేదు పాపం.

ఫిబ్రవరి 11. ఘుబ్రా.

నాలుగు రోజులుగా నన్ను బాబా గదిలోకి రావద్దన్నారు. కార్లు కడుగుతున్నాను. కడిగినవే మళ్ళీ కడుగుతున్నాను.

ఫిబ్రవరి 14. శుక్రవారం.

జుమా నమాజ్ తర్వాత ఖల్ఫాన్ నా రూమ్‌కు వచ్చాడు. కుర్చీ లేదు, మంచం మీదే కూర్చున్నాడు.

వచ్చినప్పటి నుంచీ బాబా రోజూ రయ్యా ఎక్కడ అని అడుగుతున్నాడట. నిన్న వాడు బర్కాలో ఉన్న ముసలి మేనత్త దగ్గరికి వెళ్ళి అడిగాడు. ఆవిడ బాబాకు చిన్నాన్న కూతురు. బాబా వాళ్ళందరూ పుట్టింది ఆఫ్రికా పక్కనున్న జాంజిబార్ దీవిలో. అరవై నాలుగులో అక్కడ గొడవలైనప్పుడు అరబ్బులు పడవలెక్కి పారిపోయారు. రయ్యాకు పదిహేడేళ్ళు, బాబాకు పదమూడు. తమ్ముణ్ణి పడవలో ఈ మేనత్త పక్కన కూర్చోబెట్టి, రయ్యా అమ్మ కోసం వెనక్కి వెళ్ళింది. పడవ ఆగలేదు. రెండేళ్ళకు అమ్మ వేరే దారిలో మస్కట్ చేరింది. రయ్యా రాలేదు. ఏమైందో తెలీదు. ఆ పేరు ఇంట్లో ఎత్తితే అమ్మ పడిపోయేదట, అందుకని అందరూ మానేశారు. బాబా కూడా. దాదా అంటే స్వాహిలీలో అక్క అని మేనత్తే చెప్పింది.

"ముప్పై నాలుగేళ్ళుగా ఆయన కొడుకుని. నాకు చెప్పలేదు. రొట్టెలమ్మే ఆవిడకు చెప్పాడు," అన్నాడు. ఏడ్చాడు. స్కూల్లో దెబ్బలు తిని కారెక్కినప్పుడు కూడా వాడు అలాగే ఏడ్చేవాడు, చప్పుడు లేకుండా.

నాకూ చెప్పబోయాడు, నేనే అడ్డుపడ్డాను అన్నాను. ఇల్లు కాలిందంటే లేదన్నాను. పడవంటే లేదన్నాను. ఆవిడ మాత్రం ఏదీ లేదనలేదు.

 వెళ్తూ వెళ్తూ, "ఉండిపో ఖాదర్. వీసా రెన్యూ చేయిస్తా," అన్నాడు.

ఫిబ్రవరి 15.

జమీలాకు చెప్పాను. కోప్పడుతుందనుకున్నాను. కోప్పడలేదు.

"ఆ పెద్దాయనంటే నీకు పానమని నాకు తెల్దా? ఉండాలంటే ఉండు. అయితే ఒగటి ఇను. నువ్వు లేకపోతే ఆయనకు తెలీకుండా పోతాదేమో. నాకు పంతొమ్మిదేండ్లుగా తెలుస్తానే ఉండాది."

ఫోన్ పెట్టేశాక చాలాసేపు మెట్ల మీద కూర్చున్నాను.

ఫిబ్రవరి 16.

వెళ్తానని ఖల్ఫాన్‌కు చెప్పాను. తలూపాడు. అయితే నాకు నేర్పి వెళ్ళు అన్నాడు.

మార్చి 9. రంజాన్.

నర్సు వచ్చాడు, మంచివాడే. బాబా గడ్డం గీసేటప్పుడు పక్కన ఎవరైనా మాట్లాడుతుండాలని, గ్లాసు చేతికిచ్చే ముందు తాకించి చూపించాలని చెప్పాను. రాసుకున్నాడు.

ఖల్ఫాన్‌కు నేర్పడమే కష్టం. తప్పు దిద్దడం వాడికి అలవాటైపోయింది. నిన్న బాబా, బయట వాన పడుతోంది, లవంగాలు లోపలికి తియ్యండి అన్నాడు. వాన లేదు బాబా అని ఖల్ఫాన్ అనబోయి నన్ను చూసి ఆగాడు. లేచి కిటికీ మూసి, "తీసేశాం బాబా. ఎన్ని చాపలున్నాయి?" అని అడిగాడు.

ఏడు, అన్నాడు బాబా. తర్వాత గంటసేపు చెప్పాడు. రయ్యా పచ్చి లవంగాలు చాప మీద ఆరబెట్టేదట. కాళ్ళతో కలియబెడుతూ పాడేదట. ఆ పాటా పాడాడు. ఖల్ఫాన్ ఫోన్లో రికార్డు చేసుకున్నాడు. మాటలు వాడికి తెలీవు. మేనత్తకు పంపాడు. 

మార్చి 31. ఈద్.

బాబా ఖల్ఫాన్‌ను తన తండ్రే అనుకుని 'అబ్బా' అని పిలిచాడు. ఖల్ఫాన్ కాదనలేదు. తల నిమిరాడు.

ఏప్రిల్ 12. మస్కట్ ఎయిర్‌పోర్ట్. ఉదయం 9.

ఖల్ఫాన్ సామాను దించుతున్నాడు. బాబా కారు దిగి నా ముందు నిలబడ్డాడు. ఎక్కడికి అని అడిగాడు. ఇంటికి బాబా అన్నాను. ఇంట్లో ఎవరున్నారు అన్నాడు. జమీలా అన్నాను.

"నీ కోసం చూస్తుంటుందా?"

చూస్తుంటుంది బాబా.

"మరి ఇక్కడెందుకు నిలబడ్డావ్?" అని భుజం పట్టుకుని తోశాడు. డెబ్బై నాలుగేళ్ళ చెయ్యి. గట్టిగానే తోశాడు.