రెండో పిటిషన్‌కు ముందు

గురువారం, ఆగస్టు 14

గౌరవనీయులైన వదిన గారికి,

మీ మరదలి నమస్కారాలు. మేము క్షేమమని రాయడం మర్యాద. ఇద్దరికీ ఒంట్లో బాగానే ఉంది కాబట్టి అది అబద్ధం కూడా కాదు. మీ మోకాలి ఆపరేషన్ సంగతి చదివి బాధపడ్డాను. డాక్టరు చెప్పినట్టు మెట్లు ఎక్కకండి.

సాయానికి రమ్మన్నారు. సంతోషం. కానీ వదినా, పెళ్లైన ఇన్నేళ్లలో మీ ఇంట్లో రెండు రాత్రులుంటే మూడో రోజు పొద్దున్నే బస్సు టైము గుర్తుచేసేవారు మీరు. ఇప్పుడు ఎన్నాళ్లైనా ఉండమంటున్నారు. పైగా, నా ఇష్టంతోనే వస్తున్నానని ఒక ముక్క రాసి పంపమన్నారు. మోకాలికి కాపడం పెట్టడానికి వచ్చే మనిషితో రాతకోతలు ఎందుకు? చేతిరాత మీదే. ఆ వాక్యం మాత్రం మీది కాదు.

నా అనుమానం ఊరికే పుట్టలేదు. నేను క్రూరంగా చూశానని మీ తమ్ముడు వేసిన విడాకుల కేసును కోర్టు పోయినేడాది కొట్టేసింది కదా. పోయిన నెల కూరగాయలకని చెప్పి మా ప్లీడరమ్మ దగ్గరికి వెళ్లాను. ఆయన మళ్లీ కేసు వేయవచ్చా అని అడిగాను. హిందూ వివాహ చట్టం కింద ఒకసారి విచారించి తేల్చేసిన ఆరోపణలనే మళ్లీ తెస్తే పాత తీర్పు అడ్డం వస్తుందట. "అరిగిపోయిన రికార్డు వేస్తే జడ్జిగారు వినరమ్మా" అంది. నేను ఊపిరి పీల్చుకునేలోపే, "కానీ తీర్పు తర్వాత కొత్తగా ఏదైనా జరిగితే అది కొత్త కేసే. మీరు కారణం లేకుండా ఇల్లు వదిలి రెండేళ్లు రాలేదనుకోండి, పాత తీర్పు దాన్ని ఆపదు. ఒకే ఇంట్లో ఉన్నా సంసారం తెంచుకుని ఉంటే, అదీ చెప్పుకోవచ్చు" అంది.

అప్పటినుంచి ఇంట్లో ప్రతిదీ వేరేగా కనిపిస్తోంది. మీ తమ్ముడు చక్రాల పెట్టె కొనుక్కొచ్చారు. గొడుగు విరిగితే కొత్తది తెమ్మని వానాకాలమంతా అడిగించుకున్న మనిషి! ఎందుకండీ ఇది అంటే, "అక్క దగ్గరికి వెళ్తావుగా" అన్నారు. అప్పటికింకా మీ ఉత్తరం రాలేదు వదినా.

పడక ముందుగదిలోకి మార్చారు. గురక వస్తోందట. ఎవరికండీ అంటే "నాకే" అన్నారు. తన గురకకు తానే దూరంగా పారిపోయిన మనిషిని ఎక్కడైనా చూశారా? భోజనం కూడా తన దుకాణంలోనే కానిచ్చి ఇంటికొస్తున్నారు. అందుకని నేను రోజూ రెండు కంచాలు పెట్టి, పైవాటా టైలరమ్మకు వినపడేలా "భోజనానికి రండీ" అని కేకేస్తున్నాను. "నాకేం చెవుడా?" అంటారాయన.

నిన్న టైలరమ్మ కిటికీలోంచి తొంగిచూసి, "అన్నయ్యగారూ, ఒక్కసారి వెళ్లి తినండి బాబూ! ఆవిణ్ణి చూసి పిలవడం నేర్చుకోమని మా ఆయన నన్ను సాధిస్తున్నాడు" అంది. ఆయనకు నవ్వొచ్చింది. నాకూ వచ్చింది. ఆ నవ్వులోనే వచ్చి కూర్చున్నారు. సగం తిన్నాక ఏదో గుర్తొచ్చినట్టు ఠక్కున లేచిపోయారు. కలిసి తింటే, వేరుగా ఉన్నామని చెప్పడం కుదరదు మరి. ఆకలి ఆయనది, భయం ఆయన వకీలుది.

కాబట్టి నేను రాను. మీకు సాయంగా ఉండటానికి మా పనమ్మ చెల్లెల్ని మాట్లాడాను. నెమ్మదైన మనిషి, సోమవారం వస్తుంది. మీ పిలుపులో కల్లాకపటం ఏమీ లేకపోతే నన్ను నాలుగు తిట్టండి, పడతాను.

ఇట్లు,
అనుమానపు మనిషి అనిపించుకున్నా సరేననుకునే
మీ మరదలు

తా.క.: మడిచిన ఉత్తరం మళ్లీ విప్పాను. అసలు మాట రాయలేదు. ఈ ఇంటిని పట్టుకు వేలాడాలని నాకు లేదు. కాపురం ఎప్పుడో అయిపోయిందని మీ తమ్ముడి కంటే ముందే నాకు తెలుసు. ఇద్దరం ఒప్పుకుని కలిసి అడిగితే పాత తీర్పు అడ్డురాదని కూడా ప్లీడరమ్మ చెప్పింది. ఆయన కోర్టును అడిగారు, మిమ్మల్ని అడిగారు, నన్ను మాత్రం ఒక్కసారీ అడగలేదు. మొదట రాక్షసినన్నారు. ఇప్పుడు మొగుణ్ణి వదిలేసిపోయినదాన్ని చేయాలని చూస్తున్నారు. ఆ రెండు మాటలూ నెత్తిన వేసుకుని మాత్రం ఈ గడప దాటను. ఎదురుగా కూర్చుని, విడిపోదామా అని అడగమనండి. ఆ రోజే సంతకం పెడతాను.