నిండుకుంది అంటే

జూన్ 6, 1983
చేతిరాత బాగోదు. ఊరి బడి చదువు, తప్పులుంటాయి. కాగితం ఏమీ అనుకోదులే. మాట పెగలని వాణ్ణి, కోపం ఇక్కడే కక్కాలి.
అప్పన్న బావని పనిలోంచి ఆపేశారు. నా చెల్లెలు పైడమ్మ మొగుడు. లాంచీలకి డీజిల్ చూసే పని. మొన్న సాయంత్రం కంపెనీ పెద్ద సార్ కొడుకు, చిన్న సార్, ఫోన్ చేసి డీజిల్ ఎంతుందని అడిగాడట. ‘నిండుకుందండి’ అన్నాడు బావ. డ్యూటీ దిగి ఇంటికొచ్చేశాడు. నిండా ఉందనుకుని సార్ లాంచీని పంపించాడు. దారి మధ్యలో ఇంజను ఆగి... కెరటాలకి వెనక్కొచ్చి జెట్టీకి కొట్టుకుంది. పక్క చీలింది.
బావ అబద్ధం చెప్పాడట. బావ. అబద్ధం.

జూన్ 7
చిన్న సార్ తెలుగువాడే. పెరిగింది మద్రాసులో. డబ్బాలో బియ్యం అడుగంటితే ఏమంటారో ఇంట్లో ఎవరూ చెప్పలేదా? అయిపోయాయి అంటే కీడు. నిండుకున్నాయి అంటాం. నీళ్ల మీదికెళ్లే లాంచీకి మాత్రం ఆ కీడు మాట అంటామా? దీపం ఆరితే కొండెక్కింది అంటాం. అంటే పైడమ్మ దీపం పట్టుకుని సింహాచలం ఎక్కిందనా?

జూన్ 9
విచారణ. ఆ మాటకి అర్థం చెప్పమని బావ నన్ను సాక్షిగా తీసుకెళ్లాడు. బల్లకి అటు చిన్న సార్, పక్కన విచారణ రాసే గోదావరి జిల్లా ఆయన. మెత్తటి మనిషి.
‘నిండుకోవడమంటే నిండటం కాదా, తాతా?’ చిన్న సార్ నవ్వుతూ అడిగాడు.
‘కాదు బాబూ. అయిపోనాదని.’
‘అయిపోతే అయిపోయిందనాలి కదా.’
‘అనకూడదు బాబూ.’
‘ఎవరు చెప్పారు? రూలుందా?’
అంతే. రూలు ఎక్కడినుంచి తేను? బావ నావైపే చూస్తున్నాడు. గోదావరాయన తల వంచుకుని రాసుకుంటున్నాడు.

జూన్ 10
ఒళ్లు మండుతోంది. అన్నం సయించలేదు.

జూన్ 12
మల్కాపురం బస్సులో గోదావరాయన కనిపించాడు. వచ్చి పక్కనే కూర్చున్నాడు.
‘ఏమనుకోకండి బాబాయ్ గారూ. మా అమ్మా అదే మాటంటదండి. డబ్బా బోర్లించి మరీ నిండుకుందంటది. ఆయ్.’
తెలుసు. ఈ మనిషికి తెలుసు.
‘మరక్కడ సెప్పలేదేటి?’
‘చెబితే సార్‌ది తప్పని రాయాలండి. నాకూ పిల్లలున్నారు.’
ఆ కుర్ర సార్ తెలీక. ఇతను తెలిసి... తిట్టు నాలుక చివరిదాకా వచ్చింది. మింగేశాను. నా స్టాపు రాకుండానే దిగి నడిచాను. ఎండ.

జూన్ 14
పైడమ్మ ఇంటికెళ్లాను. బియ్యం ఉన్నాయా అని అడిగాను.
‘అయిపోనాయి అన్నియ్యా.’
‘అదేటే, ఆ మాట...’
‘మరెలాగ సెప్పమంతావు? ఆ మంచి మాటే మా పొట్ట కొట్టింది. నా నోట ఇంక రానీను.’
మా అమ్మ కడుపున పుట్టిన పిల్ల. ఆ మాట అంది.

జూన్ 16
బావ వచ్చాడు. కాగితం చేతికిచ్చారట. డీజిల్ ఉందని అబద్ధం చెప్పాను, తప్పయింది అని సంతకం పెడితే మళ్లీ తీసుకుంటారు. గోదాం ఊడ్చే పనికి. పెట్టకపోతే అదీ లేదు.
బస్సులో గోదావరాయన అన్న మాట అప్పుడు చెప్పాను. ఇన్నాళ్లూ దాచుకున్నాను ఎందుకో.

‘పెద్ద సార్ కాడ, ఆ గోదారాయన మొకమ్మీదే, ఈ మాట సెప్తావేటి? నువ్వు సెప్తానంటే నాను సంతకం ఎట్టను.’
నేను చెబితే ఆ గోదావరాయన అలా అనలేదంటాడు. అప్పుడు నేనూ అబద్ధాలకోరునే. అతని పిల్లలు పిల్లలు, పైడమ్మ పిల్లలు రాళ్లా?
బావ చెప్పులేసుకుని గుమ్మంలో ఆగాడు.
‘సూసుకునే సెప్పు. కానీ వేగిరం సెప్పు బావా. రేపు ఆఫీసు తలుపులు తీసీలోగా.’
తల ఊపాను. దేనికి ఊపానో... వేగిరం చెబుతాననా, పెద్ద సార్ ముందు చెబుతాననా.