పేరు దక్కే చావులు

11 అక్టోబర్ 1996, శుక్రవారం

తెలుగువాళ్ళ నెలవారీ సభకు వెళ్ళి తప్పు చేశాను. రామకృష్ణారావు గంటన్నర సేపు ప్రాచీన గ్రీకుల స్పార్టా మీద మాట్లాడాడు. కాకినాడలో నేను చరిత్ర చెప్పిన కాలేజీలోనే వాడు కామర్స్ చెప్పేవాడు. ఎన్.సి.సి. ఖాకీ తొడుక్కుని వరండాల్లో తిరిగి తిరిగి, నాకు రావలసిన ప్రిన్సిపాల్ కుర్చీలో కూర్చున్నాడు. రిటైరయ్యాక కొడుకు దగ్గరికి దోహా వచ్చాడు. నేను కూతురు పెర్సిస్ దగ్గరికి వచ్చాను. ఇంత ఎడారిలోనూ నాకు వీడే దొరకాలా!

స్పార్టావాళ్ళు ఏడేళ్ళ పిల్లల్ని బ్యారక్స్‌లో పడేసేవారట. నెత్తురుతో కాచిన నల్ల చారు తాగేవారట. అందుకే మహావీరులట. పొలాలు దున్నిపెట్టిన బానిసల మీద ఏటా యుద్ధం ప్రకటించి, వాళ్ళని చంపినా పాపం అంటకుండా చూసుకున్న సంగతి మాత్రం మింగేశాడు. చివర చప్పట్లు. వచ్చే సభలో ఎవరు మాట్లాడతారని కార్యదర్శి అడిగితే నా చెయ్యి లేచింది.

14 అక్టోబర్

నా అంశం మెక్సికో ఆజ్టెక్‌లు. వాడి స్పార్టా మీదికి వదలడానికి అంతకన్నా పెద్ద వీరులు లేరు.

18 అక్టోబర్, సాయంత్రం

నజ్మా బజారులో టీ తాగుతుంటే రాజేశం కలిశాడు. జగిత్యాల వైపు మనిషి, కంపెనీ బస్సు నడుపుతాడు, శుక్రవారం శుక్రవారం ఇక్కడ తేలతాడు. ఏం రాస్తున్నరు సార్ అన్నాడు. స్పార్టా మెస్సు గురించి చెప్పాను. పదిహేనుమంది ఒక బల్ల, అందరికీ ఒకే తిండి, పెళ్ళయినా పెళ్ళాం దగ్గర కాపురం లేదు. పడీ పడీ నవ్వాడు. గీ ముచ్చటకు గంత దూరం పోవుడెందుకు సార్, మా క్యాంపుకు రాండ్రి, గదే పప్పు, గదే గిన్నె, ఫోర్‌మన్ యల్లా అంటే లేసుడు, డ్యూటీ మాఫీ అంటే పండుడు, పెండ్లాం మొఖం రెండేండ్లకోపాలి, మమ్ముల గురించి ఎవ్వడు పుస్తకం రాయకపాయె అన్నాడు.

ఇంటికొచ్చి ఆ మాట నా ఉపన్యాసంలో నా మాటగా రాసుకున్నాను.

23 అక్టోబర్

ఈ పూట చదివింది నమ్మలేక రెండుసార్లు చదివాను.

ఆజ్టెక్ స్త్రీ ప్రసవిస్తే మంత్రసాని యుద్ధనాదం చేసేదట. తల్లి యుద్ధానికి వెళ్ళి ఒక బందీని పట్టుకొచ్చింది అని దాని అర్థం. ఆమె ఆ నొప్పుల్లోనే పోతే యుద్ధంలో కూలిన మగవాడితో సమానం. మిట్టమధ్యాహ్నం నుంచి పొద్దుగుంకేదాకా సూర్యుణ్ణి మోసుకెళ్ళే బాధ్యత ఆమెది. ముసలి మంత్రసానులు డాళ్ళూ కత్తులూ పట్టుకుని శవం వెంట నడిచేవారు. ఎందుకంటే ఆమె ఎడమచేతి నడిమి వేలు, తలవెంట్రుకలు డాలుకు కట్టుకుంటే ఓటమి ఉండదని కుర్ర సైనికులు దొంగిలించడానికి కాచుకునేవారు. భర్త సమాధి దగ్గర నాలుగు రాత్రులు కాపలా పడుకునేవాడు.

పెర్సిస్ ఇక్కడ ఆస్పత్రిలో లేబర్ రూమ్ నర్సు. అన్నం వడ్డిస్తుంటే చెప్పాను. ఆశ్చర్యపోలేదు. మాకు సూడాన్ సిస్టర్ ఒకావిడ ఉంది నాన్నగారూ, బిడ్డ బయటపడగానే నాలుక ఆడిస్తూ వార్డు అదిరేలా కేక పెడుతుంది, డాక్టరు ఎన్నిసార్లు తిట్టినా మానదు అంది.

తరవాత, మా అమ్మ దగ్గర ఎవరైనా అలా కేక పెట్టారా అంది.

వంకాయ కూర బాగుందన్నాను.

26 అక్టోబర్

దొరికింది. స్పార్టాలో సమాధి మీద పేరు చెక్కడం నిషేధం. రెండు మినహాయింపులు. యుద్ధంలో చచ్చిన మగవాడు, ప్రసవంలో చచ్చిన ఆడది. ఆ రెండో మినహాయింపు మూలప్రతిలోని పాఠం మీద పండితులకు తగువుంది. నాకు పనికొచ్చే పాఠమే తీసుకున్నాను. రామకృష్ణారావు తన స్పార్టాలో ఇది చూడనేలేదు. వాడి కత్తితోనే వాణ్ణి.

1 నవంబర్, శుక్రవారం

గెలిచాను. ఎలా గెలిచానో రాయాలి.

సముద్రానికి అటొకరూ ఇటొకరూ ఉన్న రెండు వీరజాతులు ఒకరినొకరు ఎరగకుండానే ఒకే మాట అన్నాయి, పురిటి మంచం యుద్ధభూమి అని ముగించాను. ఆడవాళ్ళు లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. ఆ చప్పట్లలోనే పెర్సిస్ లేచింది. మా అమ్మ నన్ను కని పోయింది, మా అమ్మ సమాధి మీద ఏం రాశారు నాన్నగారూ అంది. అడగడంలో ఏ కల్మషమూ లేదు. కళ్ళు మెరుస్తున్నాయి.

పేరు చెక్కించానమ్మా అన్నాను. సామ్రాజ్యం అని. కింద ఒక వాక్యం కూడా అన్నాను. ఏ వాక్యం అంది. పోరాటం గురించిన వాక్యం అన్నాను.

హాలంతా కళ్ళు తుడుచుకుంది. రామకృష్ణారావు వేదిక ఎక్కి కావలించుకుని, ఓడిపోయానండీ నిత్యానందంగారూ అన్నాడు. ఈ మాట కోసం ఇరవై ఏళ్ళు ఎదురుచూశాను.

2 నవంబర్

పెర్సిస్ సెలవు పెట్టింది. పదిహేనున కోనసీమ ప్రయాణం. సమాధి ఫోటో తీసుకొస్తుందట.

4 నవంబర్

రాయాలి. ఇంకెక్కడా రాయలేదు.

1960 మార్చి. ముమ్మిడివరం అవతల, మామగారి ఊరు. సామ్రాజ్యం రెండు రోజులు నొప్పులు పడి పోయింది. చర్చి దొడ్లో సాయంత్రం పూడ్చాం. మర్నాడు పొద్దున్నే నేను వాల్తేరు బండెక్కాను, ఎం.ఏ. పరీక్షలకి. నాలుగు రాత్రులు కాదు, ఒక్క రాత్రి కూడా ఉండలేదు. సెకండ్ క్లాసు వచ్చింది.

తిరిగొచ్చేసరికి సిమెంటు పలక పోసి ఉంది. మామగారు ఇస్హాక్, సంఘపెద్ద, మొండి మనిషి. పలక మీద ఇస్హాక్ కుమార్తె అని ఉండాలన్నాడు. పురిట్లో పోయిన పెళ్ళాన్ని వదిలేసి పరీక్షలు రాసినవాడి పేరు నా బిడ్డ నెత్తిన ఉండదు అన్నాడు. నిత్యానందం భార్య అని ఉండాలని నేను. పాస్టరు ముందు అరుచుకున్నాం. పిల్లని తీసుకుని కాకినాడ మా అక్క ఇంటికి వచ్చేశాను. మళ్ళీ ఆ ఊరు తొక్కలేదు, పెర్సిస్‌ని తొక్కనివ్వలేదు. ఆయన డెబ్భై ఏడులో పోయాడు, పలక అప్పటికీ ఒట్టిదేనని విన్నాను. ఆ తరవాత పందొమ్మిదేళ్ళు అడ్డం ఎవరున్నారు?

ఒట్టి సామ్రాజ్యం అని రాయొచ్చునని మా ఇద్దరిలో ఒక్కడికీ తట్టలేదు.

7 నవంబర్, ఉదయం

రేడియోలో కోనసీమ తుపాను. నిన్న రాత్రి. వందల మంది చనిపోయారు. ఫోన్లు కలవడం లేదు. కొబ్బరిచెట్టన్నది నిలబడి లేదంటున్నారు.

వినగానే కలిగింది సంతోషం. పలక కొట్టుకుపోయి ఉంటుంది, ఇక ఎవరూ చూడరు అని. అవతల జనం శవాలు వెతుక్కుంటుంటే నాకు కలిగిన మొదటి భావం ఇది. రాసి మళ్ళీ చదువుకున్నాను. నా చేతిరాతే.

8 నవంబర్

పలక మిగిలి ఉండదమ్మా, వెళ్ళి లాభం లేదు అని పెర్సిస్‌తో చెప్పాను. ఏడ్చింది. ముక్కలైనా ఏరుకొస్తాను అంది.

9 నవంబర్

డ్యూటీ నుంచి వచ్చి, యూనిఫామ్ అయినా విప్పకుండా, నా ముందు తెల్ల కాగితం, పెన్ను పెట్టింది. ఆ పలక మీద ఏముందో ఉన్నదున్నట్టు రాయండి నాన్నగారూ, అక్షరం పోకుండా మళ్ళీ చెక్కిస్తాను అంది.

జీవితమంతా రాసినవాణ్ణి. పెన్ను పట్టుకుని ఎంతసేపు కూర్చున్నానో. ఆఖరికి ఆ కాగితాన్ని అలాగే ఆమె వైపు జరిపాను. ఉన్నదున్నట్టు ఇదే అన్నాను.

ముందు అర్థం కాలేదు. అయ్యాక అరవలేదు. అరిస్తే బాగుండేది. ముప్పై ఆరేళ్ళా అంది. హాల్లో అంతమంది ముందు వాక్యం కూడా చెప్పారే అంది. నర్సు గొంతుతో, రోగిని అడిగినట్టు, ఎక్కడుంది అని అడిగింది. తూర్పు గోడ నుంచి మూడో కొబ్బరిచెట్టు కింద అన్నాను. ఇంకో గుర్తు అంది. లేదన్నాను. మా అమ్మని చెట్టుకి అప్పజెప్పారన్న మాట అంది.

12 నవంబర్

మాట్లాడటం లేదు. కంచం పెడుతోంది. రామకృష్ణారావు ఫోన్ చేసి మీ సమాధి క్షేమమేనా అన్నాడు. నిజంగా ఆదుర్దాతోనే అడిగాడు. అది భరించడం కష్టంగా ఉంది.

15 నవంబర్

వెళ్ళింది. అల్లుడు పాల్, తను పనిచేసే అల్ ఖోర్ ఊరి నుంచి వచ్చి ఎయిర్‌పోర్టుకు తీసుకెళ్ళాడు. నేనూ వస్తానన్నాను. వద్దు, పరీక్షలేమైనా ఉన్నాయేమో చూసుకోండి అంది.

28 నవంబర్

కాకినాడ ఎస్.టి.డి. బూత్ నుంచి పెర్సిస్ ఫోన్. దొడ్లో చెట్టన్నది లేదట. తూర్పు గోడే లేదట. పేరు లేని పలకలు మూడు బయటపడ్డాయట. ఏది సామ్రాజ్యందో చెప్పగలవాళ్ళు ఊళ్ళో మిగల్లేదు. మూడింటి మీదా సామ్రాజ్యం అని చెక్కించిందట. కూతురని గాని భార్య అని గాని లేదు. ఒకటి మగవాడిదేమోనమ్మా అని పాస్టరు గొడవపెట్టాడట. అయితే అవనీయండి, మా అమ్మ పేరు మోస్తే ఆయనకేం పోతుంది అందట.