నిన్ను అడగని మాట

ఏమయ్యా, నువ్వు పోయి ఇవాళ్టికి ఏడాది.

పొద్దున పక్కింటి లచ్చవ్వ గిన్నె పట్టుకొని వచ్చింది. "అక్కా, జర గంజి పొయ్యి. మా ఆయనను మళ్ల డ్యూటీల తీసుకున్నరు, యూనిఫారానికి పెట్టాలె" అంది.

ఆమె మొగుడు, కానిస్టేబుల్ రాజన్న, ట్రెజరీ కాపలాలో గురకపెడుతూ దొరికాడని బోధన్ అంతటికీ తెలుసు. అయినా అతని మాట వినకుండా నౌకరీ తీసెయ్యడం చెల్లదని కోర్టు చెప్పిందట. రేపు విచారణలో పెద్దసారే ఎదురుగా కూర్చోబెట్టుకొని, "నీ జవాబేంది?" అని అడుగుతాడట.

నువ్వూ కానిస్టేబులువే. చెరుకు బండ్లవాళ్ల దగ్గర మామూళ్లు తిన్నావని ఎవడో చెబితే, నిన్ను ఒక్క మాటైనా అడగకుండా బెల్టు, టోపీ గుంజుకున్నారు. ఎప్పటికైనా అడుగుతారేమోనని, పోయేదాకా ఆ జవాబే వల్లె వేశావు. వినీ వినీ అది నాకూ నోటికొచ్చింది.

"గంజి బర్రెకు పోసిన" అన్నాను లచ్చవ్వతో. ఆమె వెళ్లాక నిజంగానే పోశాను.

ఇప్పుడు పొద్దుగూకుతోంది. గోడ అవతల రాజన్న రేపటి జవాబు నేర్చుకుంటున్నాడు. నాలుగు మాటలు అనేలోపే తడబడి మళ్లీ మొదటికొస్తున్నాడు.

నువ్వయితే ఒక్కచోట కూడా తడబడేవాడివి కాదు.