నేల విడవని సాము

చిరంజీవి మేనల్లుడికి, బూట్ల షాపు గల్లాపెట్టె ముందు కూర్చుని మామయ్య రాయునది.

ఇక్కడ అందరం కులాసా, నా పరువు తప్ప. నువ్వు పంపిన పోటీ వీడియో షాపు టీవీలో వేశాను. బూట్లకొచ్చిన వాళ్లని కూడా పట్టుకుని కూర్చోబెట్టాను. ఏముందిరా అందులో? బస్సు కదిలిపోతున్నా పరువు కోసం పరిగెత్తని పెద్దమనుషుల్లా ఓ పాతికమంది నడుం తిప్పుకుంటూ నడుస్తున్నారు. నీ ముందున్నవాడు నాలుగంగల దూరంలో ఉన్నాడు. నాలుగు గెంతులు గెంతితే మొదటి బహుమతి నీది. నువ్వేమో గ్యాస్ కట్టేశానా లేదా అని అనుమానం వచ్చినవాడిలా నడుచుకుంటూనే పోయావు. అంతమందిలో ఒక్కడికైనా పరిగెడదామన్న ఆలోచన రాలేదా? చదువుకున్నవాళ్లేగా అంతా?

"మీవాడు పరిగెత్తడేమండీ?" అని ఒకాయన అడిగితే కాలు బెణికిందని చెప్పాను.

ఇట్లు,
నీ మేలు తప్ప మరేమీ కోరని మామయ్య

తా.క.: కాలు బెణికింది మన బూట్ల వల్లేననుకుని ఆయన కొనకుండానే వెళ్లిపోయాడు.

*

పాదరక్షల సామ్రాట్టులైన మామయ్యగారికి మేనల్లుడి సవినయ నమస్కారములు.

మామయ్యా, అది నడక పందెం. అందులో పరిగెత్తడం నేరం. ఎప్పుడూ ఒక పాదం నేల మీద ఉండి తీరాలి. ముందుకు వేసిన కాలు మోకాలి దగ్గర వంగకూడదు. దారి పొడవునా న్యాయనిర్ణేతలు మా ముఖాలు వదిలేసి కాళ్లకేసే చూస్తుంటారు. ముగ్గురు ఎర్ర కార్డు రాస్తే ఇక ఇంటికే.

"నడకకి పతకమేమిట్రా" అని మీరు అడగబోతున్నారు కనుక చరిత్ర విన్నవిస్తున్నాను. అంతర్జాతీయ క్రీడల్లో నడక వందేళ్ల పైనుంచి ఉంది. ఒకప్పుడు అక్కడ తాడు లాగినవాళ్లకి పతకాలిచ్చారు. బొమ్మలేసినవాళ్లకి, కవిత్వం రాసినవాళ్లకి కూడా ఇచ్చారు. నీళ్లలో బృందనాట్యం పెట్టి, అందులో ఒక్క మనిషే చేసే విభాగానికి సైతం ఇచ్చారు. అవన్నీ తీసేశారు, నడకని ఉంచారు. కాస్త గౌరవించండి.

వచ్చే నెల ఎంపిక పోటీ. ఉన్నది ఒక్కటే చోటు. గెలిస్తే ఆ క్రీడలకి వెళ్తాను, ఓడితే మీ పక్కన కూర్చుని టీవీలో చూస్తాను. కాలేజీ రోజుల నుంచీ నా ప్రాణమంతా ఆ చోటు మీదే ఉంది.

ఒక పాదం నేల మీద ఉంచి,
మీ విధేయుడు

తా.క.: దయచేసి నాకు ఏ సాయమూ చేయకండి.

*

మేనల్లుడికి మామయ్య, అత్తయ్యల ఆశీస్సులు.

నీ ఉత్తరం మీ అత్తయ్యకి చదివి వినిపించాను. తాడు లాగుడు తీసేశారని తెలిసి చాలా బాధపడింది. వాళ్ల పుట్టింటివాళ్లకి వచ్చిన విద్య అదొక్కటే, దొరికిందల్లా తమవైపు లాక్కోవడం. కవిత్వం ఎందుకు తీసేశారో నేను చెప్పగలను. కవిగారు చదవడం మొదలెట్టగానే జనం లేచి పరిగెత్తి ఉంటారు. పరుగు పందేనికి మనుషులు అలాగే దొరికి ఉంటారు.

నీ ఆటలో కిటుకు నాకు అర్థమైంది. పరిగెత్తాలి, కానీ పరిగెత్తినట్టు కనబడకూడదు. మా వ్యాపారమూ అంతే. అందుకే నీ ఫొటోలన్నీ వెతికి, రెండు కాళ్లూ గాల్లో ఉన్నది పట్టుకున్నాను. మనిషెత్తున చేయించి షాపు ముందు కట్టించాను. కింద ఇలా రాయించాను: 'నేలకు ఆనని పాదాలు, మా బూట్ల మహిమ.'

ఇట్లు,
ఛాతీ పొంగిన మామయ్య

తా.క.: సాయం వద్దన్నది మొహమాటం కొద్దీ అని గ్రహించి, అదే ఫొటో ఎంపిక సంఘానికి కూడా పంపాను. పోటీకి వస్తున్నాను. నోరు మెదపను.

*

మామయ్యగారికి మాజీ క్రీడాకారుడి నమస్కారాలు.

సంఘం వాళ్లు నన్ను పిలిపించి ఫొటో బల్ల మీద పెట్టారు.

"ఎవరు పంపారు? నీ శత్రువా?"

"కాదండీ, మేనమామ."

"మేం అడిగేదీ అదే."

అదృష్టం కొద్దీ మా ఆటలో న్యాయనిర్ణేత కంటితో చూసిందే లెక్క, ఫొటో చెల్లదు. బతికిపోయాను. కాకపోతే ఆనాటి నుంచి నా కాళ్లు వాళ్లందరికీ పేరుపెట్టి పిలిచేంత పరిచయమైపోయాయి.

పోటీ నాటి సంగతి మీకు తెలుసు, అయినా రాస్తాను. ఆఖరి చుట్టు. రెండు ఎర్ర కార్డులు పడ్డా నేనే ముందున్నాను. అప్పుడు పక్కన ఫుట్‌పాత్ మీద, నాతో సమానంగా వస్తూ, నోరు మెదపనన్న ఒక పెద్దమనిషి "ఒరేయ్, వెనకవాడొచ్చేస్తున్నాడ్రా, పరిగెత్తరా" అన్నాడు. చిన్నప్పటి నుంచీ మీరు కూర్చోమంటే కూర్చున్నాను, తినమంటే తిన్నాను. కాళ్లకి అదే అలవాటు. నన్ను అడక్కుండానే పరిగెత్తాయి. మూడో కార్డు ముఖ్య న్యాయనిర్ణేతగా ఉన్నావిడ చేతులమీదుగా అందుకున్నాను.

చోటు వెనకవాడికి పోయింది. మీ మీద కోపం లేదని రాద్దామని కూర్చున్నాను. అంత అబద్ధం చేత కాలేదు.

ఇక సెలవు.

తా.క.: దీనికి జవాబు రాయకండి. రాస్తారని తెలుసు.

*

నాయనా, నన్ను తిట్టుకోవడానికైనా సరే, దీన్ని చివరిదాకా చదువు.

ఏం రాయాలో తోచక చాలా కాగితాలు చింపాను. మీ అత్తయ్య నాతో మాట్లాడటం మానేసింది. ఇంట్లో అంత ప్రశాంతత నేనెప్పుడూ ఎరగను, అయినా నిద్ర పట్టలేదు.

నిన్న ఆ ముఖ్య న్యాయనిర్ణేతమ్మ షాపుకొచ్చింది. పోట్లాటకనుకుని పెట్టెల వెనక నక్కాను. వెతికి పట్టుకుంది.

"ఆ రోజు ఫుట్‌పాత్ మీద ఆఖరి చుట్టంతా మావాళ్లతో సమానంగా నడిచింది మీరేనా?" అంది. "అంత వేగంలో, అన్ని మాటలు మాట్లాడుతూ, ఒక్కసారి కూడా మీ పాదాలు నేల విడవలేదు. మోకాలు వంగలేదు. ఎక్కడ నేర్చుకున్నారు?"

ఏం చెప్పను? అమ్ముడుపోని స్టాకులోంచి రెండు సైజులు పెద్ద చెప్పులేసుకొచ్చాను. కాలెత్తితే ఊడిపోతాయి.

పెద్ద వయసువాళ్లకీ అంతర్జాతీయ క్రీడలున్నాయట. అన్ని దేశాలు, అన్ని ఆటలు. ఫలానా వయసు దాటినవాడెవడైనా పేరివ్వొచ్చట. నడకకి నా పేరు ఆవిడే రాయించింది. శిక్షకుడెవరని అడిగితే నీ పేరు చెప్పాను. ప్రారంభోత్సవంలో జెండా వెనక శిక్షకులు కూడా నడుస్తారట. నీ దారి చెడగొట్టింది నేనే. ఈ దారినైనా నా పక్కన నడువు. నువ్వెలా నడవమంటే అలా నడుస్తాను.

ఇట్లు,
నీ శిష్యుడు

తా.క.: వెళ్తూ వెళ్తూ ఆవిడ ఒక జత బూట్లు కొంది. చెప్పిన ధరకే, బేరమాడకుండా. అంత న్యాయమైన మనిషి నీకు కార్డు ఇచ్చిందంటే, ఏమో అల్లుడూ, తప్పు నీదే అయ్యుంటుంది.